తొలి కాన్పుకు రక్తం ఎవరింటిది

అది 2022. కరోనా భయం తగ్గి జనం మళ్లీ దవాఖానకు ధైర్యంగా వస్తున్న రోజులు. గద్వాలలో ఒక దవాఖాన బ్లడ్ బ్యాంకులో నేను ఆయాను. మాది బిజినేపల్లి పక్కన పల్లె, సేద్యం చేసే ఇల్లు. నలభై దాటాక రాత్రిబడిలో అక్షరాలు నేర్చుకున్నాను. రాతలో వంకరలుంటే సర్దుకోండి. మాటలో ఎట్లాగూ ఉంటాయి. రక్తం ఇచ్చేవాళ్లను మంచం మీద పడుకోబెట్టడం, చేతికి బంతి ఇచ్చి పిసకమనడం, లేచాక కళ్లు తిరగకుండా కాసేపు కూర్చోబెట్టి బిస్కెట్లు తినిపించడం నా పని.

రక్తం తీసే ముందు కౌన్సెలింగ్ ఉంటుంది. ఇచ్చే మనిషిని ఒక్కరినే గదిలోకి పిలిచి, తలుపు వేసి అడుగుతారు. ఏం మందులు వాడుతున్నావు, ఏ జబ్బులున్నాయి, నీ ఇష్టంతోనే వచ్చావా, ఎవరైనా బలవంతం చేశారా అని. కుదరదంటే వెనక్కి పంపుతారు. దానికి డిఫరల్ అని పేరు. జలుబు చేసినా డిఫరలే, పెద్ద జబ్బున్నా డిఫరలే. కారణం ఆ మనిషికి తప్ప కట్టుకున్నదానికీ చెప్పకూడదు, కన్నతండ్రికీ చెప్పకూడదు. చట్టం అంతే.

ఆ రోజు పొద్దున మగ్గం నేసే నర్సింహులు కూతురు శిరీషకు తొలి కాన్పయింది. ఆడపిల్ల. తల్లికి రక్తం బాగా పోయింది. మా డాక్టరమ్మ క్రాస్‌మ్యాచ్ చేయించింది, అంటే మా దగ్గరున్న రక్తం ఆమె రక్తంతో కలుస్తుందో లేదో పరీక్ష చేయించింది. కలవగానే బ్యాగులు పైకి పంపేసింది. బదులు రక్తం ఇచ్చేదాకా బ్యాగు ఆపకూడదు. ఇంట్లోవాళ్లు ఎవరైనా ఇష్టపడి ఇస్తే ఇంకొకరికి పనికొస్తుందని మాత్రం చెప్పాం. మధ్యాహ్నానికి శిరీషకు గండం గడిచింది. గొడవ అప్పుడు మొదలైంది.

నాగర్‌కర్నూల్ బస్సు దిగి అత్తింటివాళ్లు వచ్చారు. అత్త ఎల్లమ్మ మాట వరండా ఈ చివర అంటే ఆ చివర వినపడుతుంది.

"తొలి కాన్పు పుట్టింటిది. ఖర్చు వాళ్లదే, బాలింత కారప్పొడి వాళ్లదే, రక్తం గూడ వాళ్లదే" అంది. అప్పటికే చొక్కా చేయి మడిచిన ఆమె కొడుకు రమేశ్, శిరీష భర్త, మళ్లీ కిందికి దించుకున్నాడు.

నర్సింహులుకు వయసు దాటింది, పైగా షుగరు. ఆయన భార్య పైన బాలింత దగ్గర ఉంది. మిగిలింది కొడుకు రాజు. పాతికేళ్లవాడు, తండ్రి పక్క మగ్గం మీదే కూర్చుంటాడు. అక్క కోసం కదా అని అందరూ వాడినే చూశారు. వాడు లోపలికి పోయాడు. కాసేపటికే బయటికొచ్చాడు.

"ఏమన్నరు?" అంది ఎల్లమ్మ.

"వద్దన్నరు."

"ఎందుకు వద్దన్నరు? ఇందాక ఆయనెవరో రక్తం తక్కువుందంట అని నవ్వుకుంట చెప్పి పాయె. నీకు నోరు రాదా?"

రాజు పోయి గోడ పక్క బల్ల మీద కూర్చున్నాడు.

"చెప్తలేవంటే చెప్పరానిదే. అన్నా, నీ కొడుకుకు ఏం రోగముందో గాని, గసుంటి ఇంట్ల మా కోడలు, మా పసిగుడ్డు ఎట్లుంటరు?"

అక్కడ మగ్గాల వీధివాళ్లు ఇంకో నలుగురున్నారు. సాయంత్రానికి ఈ మాట వీధంతా పాకితే రాజు తల ఎత్తి తిరగలేడు. తమ్ముడి పేరు చెప్పి అక్కనూ అత్తింట్లో రోజూ పొడుస్తారు. నర్సింహులు నా దగ్గరికొచ్చి మెల్లగా అడిగాడు.

"అక్కా, నాకన్న చెప్పు. కన్నోణ్ణి."

"నాకు తెల్వదన్నా. తెలిసినా చెప్ప."

అని లోపలికి పోయి డాక్టరమ్మను అడిగాను. "రక్తం తక్కువుందని ఒక్క మాట అనరాదా అమ్మా, పీడ పోతది."

"ఆయమ్మా, ఇయ్యాల ఆయన కోసం అబద్ధమాడితే రేపు నిజంగా రక్తం తక్కువున్నోణ్ణి గూడ అనుమానిస్తరు. అందరికీ ఒకటే మాట. తీసుకుంటలేము, కారణం ఆయనకు చెప్పినం."

నాకా మాట నచ్చలేదు. చిన్న అబద్ధంతో పిల్లవాడు బతికిపోతాడు కదా అనిపించింది. అయినా బయటికొచ్చి అదే చెప్పాను. ఎల్లమ్మ నా మీదికి లేచింది.

"ఏం దాస్తున్నవ్? మాకు తెల్వొద్దా?"

"తెల్వొద్దు. రక్తం మీద గంత పట్టింపుంటే నువ్వే పోయి పడుకో మంచం మీద."

"పడుకుంట! నాకేం భయం? మా ఇంటోళ్ల రక్తం ఎట్లుంటదో చూడండ్రి."

చెంగు దోపుకొని పోయింది. తలుపు పడింది. రాజు కంటే ఎక్కువసేపు పట్టింది.

బయటికొచ్చినప్పుడు వరండా అంతా ఆమె చేతి వైపే చూసింది. మోచేతి మడతలో దూది లేదు. చెంగు తీసి భుజాల మీదుగా కప్పుకుంది.

"ఏమన్నరు వదినా?" అన్నాడు నర్సింహులు. ఎత్తిపొడుపు లేదు, ఉత్త అడగడమే.

ఆమె చెంగు ఇంకాస్త దగ్గరికి లాక్కుంది. ఆదుకోమన్నట్టు నా వైపు చూసింది. అట్లా చూసే మనిషి కాదామె.

"తీసుకుంటలేము" అన్నాను గట్టిగా. "కారణం ఆమెకు చెప్పినం. ఇంకెవరికీ చెప్పం. అడగొద్దు."

ఎవరూ అడగలేదు. రాజు బల్ల మీద జరిగాడు. "కూసో అత్తా."

కూర్చుంది. తర్వాత, "పొద్దుటికెళ్లి ఏమన్న తిన్నవా?" అని అడిగింది. వాడు లేదన్నట్టు తలూపాడు.

"ఒరేయ్ రమేశా, లోపలికి పోయి అడుగు, నీ రక్తం తీసుకుంటరేమో."

"తొలి కాన్పు వాళ్లదంటివి గదమ్మా?"

"ఎక్కువ మాట్లాడకు. ఇష్టముంటే పో, లేకుంటే ఈ పిల్లగానికి ఇడ్లీ తే."

రమేశ్ నవ్వి లోపలికే పోయాడు. అతని రక్తం తీసుకున్నారు. ఆ బ్యాగు వాళ్ల శిరీషకు కాదు, అచ్చంపేట నుంచి వచ్చిన ఇంకెవరికో ఎక్కింది.

ఆ ఇద్దరి కారణాలు నాకు ఇప్పటికీ తెలియవు. డాక్టరమ్మ మాట ఎందుకు సరైనదో మాత్రం తెలిసింది. అబద్ధం ఆ పూటకు రాజును దాచేది. అందరికీ అన్న ఒకే మాట వాడినే కాదు, వాడిని తిట్టిన మనిషిని కూడా దాచింది. అందుకే ఇప్పుడు డిఫరలై నవ్వుకుంటూ వెళ్లేవాళ్లను కూడా తలుపు దగ్గరే ఆపుతాను. "నీది చిన్న కారణమే కావచ్చు, బయట చెప్పకు. నీ వెనకొచ్చేటోనిది చెప్పుకునేది కాకపోవచ్చు" అంటాను.