నాన్న ఊళ్లో నా మేక

పోయిన వారం మా ఫ్రిజ్ తలుపు మీదికి ఒక జర్మన్ ఊరు వచ్చి చేరింది. అక్క తెచ్చిన మాగ్నెట్. అగ్గిపెట్టంత ఊరు, అందులో ఒక నది, ఒక వంతెన, ఎర్ర పెంకుల ఇళ్లు, మధ్యలో ఒక గంట టవర్. ఏ వారం ఏ చెత్తడబ్బా బయట పెట్టాలో కౌన్సిల్ వాళ్లిచ్చిన కాగితాన్ని అమ్మ దాని కింద బిగించింది. యుద్ధాలకీ మంటలకీ తట్టుకున్న ఊరు చివరికి మెల్‌బోర్న్ శివార్లలోని పాయింట్ కుక్‌లో మా చెత్తడబ్బాల కాపలాకి కుదిరింది కదా అని నాకు కొంచెం తృప్తిగానే ఉంది. ఆ ఊరి మీద నాకున్నది అలాంటి కోపం. పేరు మాత్రం చెప్పను. చెబితే మీరు వెంటనే ఫోన్లో వెతుకుతారు, వెతికితే అక్కడ మేక లేదని తెలిసిపోతుంది. మేక దగ్గరికి తర్వాత వస్తాను.

మా నాన్న నీళ్ల ఇంజనీరు. నదులు ఎప్పుడు పొంగుతాయో లెక్కగట్టడం ఆయన పని. ఆస్ట్రేలియా రాకముందు పరిశోధన కోసం ఆ ఊళ్లో నాలుగేళ్లున్నారు. అక్క అక్కడే పుట్టింది, మూడేళ్లు నిండాక అమ్మానాన్నలతో మెల్‌బోర్న్ వచ్చింది. నేను ఆ తర్వాత ఇక్కడ, ఫ్రీవే పక్కనున్న ఆసుపత్రిలో పుట్టాను. నాన్న ఆ ఊరి గురించి మొదలుపెడితే ముందు భూగోళం వచ్చేది. నది ఊరిని మూడు వైపులా చుట్టుకుని పోతుంది, నాలుగో వైపు కొండ, కొండ మీద సగం కూలిన కోట. తర్వాత చరిత్ర. ఉప్పు వ్యాపారంతో బాగుపడింది, రెండుసార్లు తగలబడింది, రెండోసారి తర్వాత రొట్టెల బట్టీలన్నిటినీ నది ఒడ్డుకి తరిమేశారు, స్వీడన్ సైన్యం వచ్చి ముట్టడించింది. స్వీడన్ సైన్యం దాకా వచ్చేసరికి అన్నం చల్లారిపోయేది. "నాలుగేళ్లలో ఒక్క కాకరకాయ దొరకలేదు ఆ ఊళ్లో" అనేది అమ్మ. అదీ భూగోళమే.

వంతెన పక్కన ఒక ఇంటి గోడ మీద, ఏ వరద ఎంత ఎత్తుకి వచ్చిందో గీతలు చెక్కి ఉంటాయట. రాజమండ్రిలో గోదావరి గట్టు మీద పెరిగి, వరదలనే ఉద్యోగంగా చేసుకున్న మనిషికి అంతకన్నా అందమైన గోడ ఇంకోటి కనిపించలేదు. అక్క ప్రతి పుట్టినరోజుకీ ఆ గోడకి ఆనించి నిలబెట్టి ఫోటో తీసేవారు. మూడేళ్లు వచ్చేసరికి అక్క అన్నిటికన్నా చిన్న వరదంత ఎత్తయింది. ఆ ఫోటోలు మా హాల్లో వరసగా ఉండేవి. నా ఎత్తు కూడా గీశారు, లేదనను. అద్దె ఇంటి గరాజ్ తలుపు పక్కన, పెన్సిల్‌తో. ఏజెంట్ తనిఖీకి వస్తున్నాడని ఒక గురువారం అమ్మ దాన్ని తడి స్పాంజితో తుడిచేసింది. అక్కది చరిత్ర, నాది మరక.

శనివారాలు ఎవరో ఒకరింట్లో తెలుగువాళ్ల భోజనాలు ఉండేవి. తలా ఒక వంటకం తెచ్చేవారు, తిన్నాక పిల్లల్ని తలా ఒక ప్రదర్శన ఇమ్మనేవారు. ఒకడు పద్యం అప్పజెప్పేవాడు, ఒకమ్మాయి నాట్యం చేసేది. అక్క వంతుకి నాన్న, "మన ఊరు చెప్పమ్మా" అనేవారు. అక్క లేచి గాల్లో చేత్తో నది గీసి, కొండ పెట్టి, ఊరిని రెండుసార్లు తగలబెట్టి కూర్చునేది. ఒకసారి ఎవరూ అడక్కుండానే నేను లేచి పాయింట్ కుక్ చెప్పాను. "ఒక వైపు సముద్రం, మూడు వైపులా ట్రాఫిక్." అందరూ నవ్వారు. నాన్న కూడా నవ్వి, "దీనికింకా చరిత్ర రాలేదురా చిన్నీ" అన్నారు. ఈ నేల మీద వేల ఏళ్లుగా బతికిన ఆదివాసుల గురించి మా బడి అసెంబ్లీలో ప్రతి సోమవారం చెప్పేవారు. కానీ నాన్న లెక్కలో రాతిగోడ లేకపోతే చరిత్ర లేదు. హైస్కూల్లో అక్క జర్మన్ తీసుకుంది. పోటీగా నేను ఆదివారం తెలుగు బడికి వెళ్లాను. మీరిప్పుడు ఇది చదవగలుగుతున్నారంటే అందుకు కారణం భాషాభిమానం అనుకోకండి.

నాకు తొమ్మిదేళ్లప్పుడు, కారులో వస్తూ, చాలా మామూలుగా మొదలుపెట్టాను. మా స్కూల్ లైబ్రరీలో ఒక పుస్తకం ఉందనీ, అందులో మన ఊరుందనీ చెప్పాను. స్వీడన్ వాళ్లు గోడ ఎక్కుతున్నప్పుడు కాపలావాళ్లంతా నిద్రపోతుంటే, ఒక మేక టవర్ మెట్లెక్కి గంట తాడు నమిలిందట. గంట మోగి ఊరంతా లేచిందట. అందుకని టవర్ మీద రాతి మేకని చెక్కారట. రౌండెబౌట్ దగ్గర నాన్న కారు ఆపి కాసేపు ఆలోచించారు. వెనక కారు హారన్ కొట్టింది.

"తాడు నమిలితే గంట మోగుతుంది. లాజిక్ ఉంది" అన్నారు. "నాలుగేళ్లున్నాను, తల పైకెత్తి చూడలేదు చూడు."

ఆ శనివారం అక్క కథలో మేక చేరింది. ఊరు తగలబడినప్పుడు కూడా అన్ని చప్పట్లు పడలేదు. నా మేకకి వచ్చిన చప్పట్లు అక్క తలవంచి తీసుకుంది. అక్కడ లేచి "అది నాది" అంటే ఏమవుతుందో నాకు తెలుసు కాబట్టి పులిహోర తిన్నాను. ఆ తర్వాత పదహారేళ్లు నాన్న ఆ మేకని వదల్లేదు. అల్లుడికి చెప్పారు, పక్కింటి గ్రీకు తాతగారికి చెప్పారు, కిందటేడు రిటైరైన రోజు ఆఫీసులో అందరి ముందూ ఇంగ్లీషులో చెప్పారు. పెద్ద పెద్ద ఇంజనీర్లు తలలూపారట.

అందుకే ఈ మే నెలలో అక్కా బావా యూరప్ వెళ్తున్నామనగానే నాకు ఆకలి పోయింది. అక్క వెస్ట్‌మీడ్ అనే పెద్దాసుపత్రిలో డాక్టరు. దాని మీద నా ఈర్ష్య వేరే సంపుటం. "ఇంకేం చూడకపోయినా పర్లేదు, మేక ఫోటో తీసుకురా" అని నాన్న ఆజ్ఞ. అబద్ధం బయటపడి నన్ను తిడితే పోయేది. నన్ను తిట్టకుండా, తలలూపిన ఆ ఆఫీసు గదిని తలచుకుని నాన్న సిగ్గుపడతారు, అదే నా భయం.

ఆదివారం సాయంత్రం వీడియో కాల్ వచ్చింది. అక్కడ ఉదయం. అమ్మా నేనూ బల్ల దగ్గర చిక్కుళ్లకి ఈనెలు తీస్తున్నాం. నాన్న ఫోన్‌ని ఊరగాయ జాడీకి ఆనించి, కళ్లజోడు తుడుచుకుని కూర్చున్నారు.

"నాన్నా, టవర్ కిందే ఉన్నాం. సో ప్రెటీ, యు నో" అంది అక్క.

"మేకేదమ్మా?"

అక్క తల పైకెత్తి చూసింది. తర్వాత తెరలోంచి నన్ను చూసింది. నేను చిక్కుడుకాయని పరీక్షగా చూస్తున్నాను.

"గైడ్ లేడీని అడిగాను. నవ్వింది."

"నవ్వడానికేముంది అందులో?"

"లేదు, అంటే, టూరిస్టులకి తెలీదట నాన్నా. లోకల్స్‌కే తెలుసట. నార్త్ సైడ్ ఉంది, చిన్నది. రిపేర్లకి స్కాఫోల్డింగ్ కట్టేశారు, ఫోటోకి పడట్లేదు. ఒక కొమ్ము విరిగిపోయింది పాపం."

"కొమ్మెలా విరిగింది?"

"వరదలోనట."

నాన్న కళ్లజోడు తీసేశారు. నలభై ఏళ్లు నదుల్ని కొలిచిన మనిషి. "టవర్ పైకొచ్చిందా వరద?"

అక్క టవర్ వైపూ నది వైపూ చూసింది. వెనకాల బావ పావురాలని చూడటం మొదలుపెట్టాడు. అక్క ఇరుక్కోవడం చూడాలని నేను పాతికేళ్లుగా ఎదురుచూస్తున్నాను. అంత మంచి దృశ్యం కళ్లముందు ఉండగా నా నోరే లేచింది.

"పిడుగు పడింది నాన్నా. అది వేరు, వరద వేరు. ఆ పుస్తకంలో ఉంది."

"పిడుగైతే సరే" అన్నారు నాన్న, కళ్లజోడు పెట్టుకుంటూ. "కాకరకాయలు దొరుకుతున్నాయేమో అడగవే" అంది అమ్మ.

ఫోన్ పెట్టేశాక అక్క నుంచి మెసేజ్ వచ్చింది. "నువ్వు మేక సంగతి చెప్పిన వారమే మీ లైబ్రరీలో చూశా. అలాంటి బుక్ లేదు."

"మరి పదహారేళ్లు ఎందుకు చెప్పావు?" అని రాశాను.

"ఆ ఊళ్లో నీదంటూ ఒకటుండాలి కదా అనుకున్నా. ఓవర్‌గా ఫీలవ్వకు. మేక కూడా బాగుంది."

మంచితనంలో కూడా ఆవిడ నాకన్నా ముందే పుట్టింది. ఇలాంటి మనిషి మీద ఈర్ష్య పడటం ఎంత కష్టమో నాకు తెలుసు. అయినా మానలేదు.

మర్నాడు వరద గోడ పక్కన నిలబడ్డ అక్క ఫోటో వచ్చింది. ఇప్పుడు ఒక్క గీత తప్ప అన్నీ ఆమె భుజాల కిందే. నాన్న దాన్ని చాలాసేపు చూసి, "నువ్వూ ఓసారి వెళ్లి నిలబడరా చిన్నీ. ఏ వరదంత ఉన్నావో చూద్దాం" అన్నారు.

మాగ్నెట్‌ని నిన్న దగ్గరగా చూశాను. టవర్ పక్కన నల్ల పెన్నుతో పెట్టిన చుక్కంత బొమ్మ ఉంది, నాలుగు కాళ్లు, ఒకటే కొమ్ము. నది ఎంత గట్టి రాయినైనా అరగదీస్తుంది, కాలం ఇవ్వాలంతే అంటుంటారు నాన్న. నా ఈర్ష్యకి పాతికేళ్లు. ఇప్పటికి ఒక కొమ్మే విరిగింది.