నా పేరున వదిన విన్న క్లాసులు

నర్సు చదువు నాది, క్లాసులు విన్నది మా వదిన. తలుచుకుంటే ఇప్పటికీ నా మీద నాకే మంట.

ఇంటర్‌లో ఒకేషనల్ నర్సింగ్ కోరుట్లలో చదివాను. పెళ్లయ్యాక సిరిసిల్లలో ఒక ప్రైవేటు ఆసుపత్రిలో చేరాను. మా ఆయన తంగళ్ళపల్లిలో సాంచాల మీద బట్ట నేసేవాడు. కరోనా వచ్చి సాంచాలు ఆగాయి, ఆయనకు ముందునుంచీ ఉన్న ఆయాసం, దమ్ము ముదిరింది. ఆసుపత్రి వాళ్లు సగం మందిని మాన్పించారు, ఆ సగంలో నేనూ ఉన్నాను. మస్కట్‌లో మంచం పట్టిన ఒక ముసలమ్మను చూసుకునే పని దొరికింది. వీసా మీద మాత్రం ఇంటిపని అని రాసి ఉంది. ఏదైతేనేం అనుకుని విమానం ఎక్కాను.

ఒక్కటే భయం. నర్సు రిజిస్ట్రేషన్‌ను ఐదేళ్లకోసారి రెన్యువల్ చేయించుకోవాలి. దానికి ఇన్ని గంటల క్లాసులు విన్నామని సర్టిఫికెట్లు చూపాలి. అది నిలబడితేనే తిరిగొచ్చాక సర్కారు ఆరోగ్య సబ్‌సెంటర్‌లో కాంట్రాక్టు ఉద్యోగానికి దరఖాస్తు పెట్టుకోగలను. లేదంటే బతుకంతా పరాయి ఇళ్లలో పనిమనిషినే. క్లాసులేమో జగిత్యాలలో, ఆదివారాలు.

అప్పుడు నాకు పుట్టిన తెలివి చూడండి. అందరూ మాస్కులు కట్టుకుని తిరిగే రోజులవి. మా అన్న భార్య నా అంత ఎత్తే ఉంటుంది. ఏడో తరగతిలో బడి మాన్పించి ఆమె ఒళ్లో బీడీల చాట పెట్టారు. నా సంతకం నేర్చుకొమ్మని, వెనక బెంచీలో కూర్చుని నోరు మెదపొద్దని ఫోన్లో చెప్పాను. రెండు రోజులు వణికింది. మూడో రోజు సరేనంది. ఆదివారం కోరుట్లలో బస్సెక్కింది.

శుక్రవారం మధ్యాహ్నం ముసలమ్మ ఇంటివాళ్లు నాకు ఫోన్ ఇచ్చేవారు. వదిన ఆ వారం విన్నదంతా ఏకరువు పెట్టేది. బీపీలో పైది, కిందిది అంటే ఏమిటని అడిగితే నవ్వుతూ చెప్పాను. మూడు క్లాసులయ్యేసరికి తనే నాకు పాఠం మొదలుపెట్టింది. మంచంలో ఉన్న మనిషిని రెండు గంటలకోసారి పక్కకు తిప్పాలట. నేను అప్పుడే ముసలమ్మను తిప్పి వచ్చి ఫోన్ ఎత్తాను. ఒకసారి సారు ఏదో అడిగితే, మెదపొద్దన్న నోరు మెదిపి జవాబు చెప్పిందట.

"సారు నన్ను మెచ్చుకున్నడు పిల్లా. అంటే నిన్నే అనుకో," అంది. ఆ సంబరం నెలరోజులు తగ్గలేదు. నిజం చెప్పాలంటే నాకు కొంచెం కుళ్లు పుట్టింది.

మూడేళ్లకు ముసలమ్మ పోయింది, నేను వచ్చేశాను. ఆమె ఒంటి మీద ఒక్క పుండు లేవనివ్వలేదు. ఆ గర్వమే కొంప ముంచింది. రెన్యువల్ ఫారంలో ఈ ఐదేళ్లు ఏం పని చేశారని ఒక గడి ఉంది. ఖాళీగా వదిలేస్తే సరిపోయేది. మూడేళ్ల చాకిరీ ఖాళీ గడిలో పోతుందంటే మనసొప్పలేదు. మస్కట్‌లో రోగిని చూసుకున్నానని రాశాను. హైదరాబాద్ ఆఫీసులో గుమాస్తా రుజువు అడిగితే, అడగడమే ఆలస్యమన్నట్టు పాస్‌పోర్టు తీసి ఇచ్చాను. ఆయన దాని మీది ముద్రల తేదీలు చూశాడు. క్లాసుల సర్టిఫికెట్లు పక్కన పెట్టుకుని మళ్లీ చూశాడు.

"అమ్మా, గా ఆదివారాలు మీరు మస్కట్‌ల ఉన్నరా, జగిత్యాలల ఉన్నరా? ఏదో ఒకటి చెప్పున్రి."

మస్కట్ అంటే క్లాసులు దొంగవి. జగిత్యాల అంటే పాస్‌పోర్టు దొంగది. వీసాలో ఇంటిపని అని ఉంది కాబట్టి ఆ మూడేళ్లూ నర్సు పని కింద రావని కూడా చెప్పాడు. కేసు పెట్టలేదు, కేకలేయలేదు. కాగితాలు నా వైపు జరిపి, క్లాసులు మొదటినుంచి మీరే విని రండి అన్నాడు. ఆయన్ని తిట్టుకోవడానికి కూడా ఏమీ దొరకలేదు. అవి విని వచ్చేసరికి సబ్‌సెంటర్ ఉద్యోగం దరఖాస్తు గడువు దాటుతుంది, ఆ తర్వాత నా వయసూ దాటుతుంది.

కోరుట్లకు వచ్చి, రెన్యువల్ కాలేదని, క్లాసులు దొంగవని తేలిపోయిందని వదినకు చెప్పాను. పాస్‌పోర్టు సంగతి ఇంకా నోట్లోనే ఉంది. బీడీ చుడుతున్న ఆమె చేతులు ఆగిపోయాయి.

"నా సంతకమే పట్టిచ్చిందా పిల్లా? సదువుకోనిదాన్నని ఎరుకైందా?"

కాదు వదినా, నేనిచ్చిన పాస్‌పోర్టే పట్టించింది అనాలి. అంతే అనాలి. కానీ దారి పొడుగునా నన్ను నేను తిట్టుకుని తిట్టుకుని అలసిపోయి ఉన్నాను. తప్పు తనదని ఇంకొకరు అంటుంటే ప్రాణానికి హాయిగా అనిపించింది.

"పోనీలే వదినా, నువ్వు మాత్రం ఏం జేస్తవ్," అన్నాను.

ఆమె కొంగు నోటికి అడ్డం పెట్టుకుని ఏడ్చింది. ఆఫీసుకు తనే వెళ్లి కాళ్లు పట్టుకుంటానంది. వద్దన్నాను. నెల తిరిగేసరికి మళ్లీ అదే ఇంటిపని వీసా మీద మస్కట్ వచ్చేశాను.

ఇంకో ఇంట్లో, ఇంకో మంచం పక్కన రెండో ఏడు నడుస్తోంది. వదినతో ప్రతి శుక్రవారం మాట్లాడతాను. ఫోన్ పెట్టేసే ముందు ఆమె నన్ను క్షమించమంటుంది. నేను పోనీలే అంటాను.