మా ఆవిడ వృత్తి

నా అంత తెలివితక్కువ సాక్షిని ఎల్బీనగర్ కోర్టు ఇంకా చూసి ఉండదు. పైగా నేను తెలుగు మాస్టర్ని. దిల్‌సుఖ్‌నగర్‌లో ఓ కోచింగ్ సెంటర్లో వ్యాకరణం చెబుతాను. ఏ క్రియకు ఎవరు కర్తో చెప్పి జీతం తీసుకునేవాణ్ణి. మా ఇంట్లో అన్ని క్రియలకూ కర్త ఎవరో చెప్పాల్సిన రోజున మాత్రం తప్పు చెప్పాను.

ఎల్బీనగర్ చౌరస్తా దగ్గర మా ఆవిడ రోడ్డు దాటుతుంటే నీళ్ల ట్యాంకర్ గుద్దింది. అక్కడికక్కడే పోయింది. మార్చురీ బయట బల్ల మీద హెడ్ కానిస్టేబుల్ ఆవిడ పేరూ వయసూ రాసుకుని, "మేడమ్ ఏం పని చేస్తుండె సార్?" అని అడిగాడు.

"ఏం చెయ్యదండీ. ఇంట్లోనే ఉంటుంది," అన్నాను.

ఇరవై ఏళ్లుగా పెళ్లిళ్లలో, బ్యాంకులో, అమ్మాయి స్కూల్లో అదే జవాబు చెప్పాను. మావైపు మగవాళ్లందరం చెప్పే జవాబే. భార్యను కష్టపెట్టడం లేదని కాస్త గొప్పగా కూడా చెబుతాం. ఆయన 'పని లేదు' అని రాసి సంతకం పెట్టమన్నాడు. అచ్చుతప్పులేమైనా ఉన్నాయేమో చూసి మరీ పెట్టాను.

అప్పుడు నా కాళ్ల దగ్గర ఆవిడ సంచి ఉంది. అందులో ఫాల్ కుట్టి మడతపెట్టిన తొమ్మిది చీరలున్నాయి. వనస్థలిపురంలో మా ఇంట్లో రోజంతా కుట్టి, దిల్‌సుఖ్‌నగర్ చీరల కొట్లో ఇవ్వడానికి వెళ్తూ పోయింది. మనిషి పని మీద వెళ్తూ చచ్చిపోతే, పని లేదని మొగుడు సంతకం పెట్టాడు.

పదకొండో రోజు వెళ్లాక కొట్టతను ఫోన్ చేశాడు. పలకరింపు అనుకున్నాను.

"సార్, గా చీరలు కస్టమర్లయి. జర పంపిస్తరా?"

పంపించాను. కేసు వేశాక, పన్నెండేళ్లు మీకు కుట్టిందని ఓ కాగితం రాసివ్వమని వెళ్లి అడిగాను.

"అక్క మస్తు మంచిది సార్. గానీ కాగితం రాస్తే నాకు పరేషాన్ అయితది," అన్నాడు. అక్కా అని పిలవడానికి నోరుంది, రాయడానికి చెయ్యి లేదు.

నష్టపరిహారంలో నష్టం మాకు ఆ రోజే అందింది. పరిహారం కోసం రెండేళ్లు తిరిగాం. పోయిన మనిషి సంపాదనను బట్టే ఇస్తారట. ఆ డబ్బు మీదే మా అమ్మాయి చదువు ఆగి ఉంది. ఓ సాయంత్రం అది కేసు కాగితాలు తిరగేస్తూ తలెత్తింది.

"నాన్నా, అమ్మ ఏమీ చెయ్యదని చెప్పింది నువ్వేనా?"



కోర్టులో నన్ను బోనెక్కించారు. అమ్మాయి వెనక బెంచీలో కూర్చుంది. ట్యాంకర్‌కి బీమా ఇచ్చిన కంపెనీ తరపు వకీలు చేతిలో నా సంతకం ఉన్న కాగితం ఆడిస్తూ, "సంపాదన లేని మనిషి పోతే ఇంటికి తగ్గిందేమిటి?" అన్నాడు. ఆ మాట వినడానికి కన్నకూతురు అక్కడ కూర్చుని ఉందన్న జ్ఞానం కూడా అతనికి లేదు. చెప్పు తీసుకుని కొట్టాలనిపించింది. కానీ ఆ చెప్పు ముందు నాకే తగలాలి.

"ఏమీ చెయ్యదని మీరే చెప్పారుగా మాస్టారూ?"

"చెప్పానండీ. బుద్ధి లేక చెప్పాను."

అతను నవ్వాడు. "పోనీ, రోజంతా ఏం చేసేదో ఇప్పుడు చెప్పండి, విందాం."

ఒక్క సంధి మీద గంటన్నర మాట్లాడగల మనిషిని అడగాల్సిన ప్రశ్న కాదది. గోడ గడియారంలో పన్నెండున్నర.

"నాలుగున్నరకు లేచేదండీ," అని మొదలుపెట్టాను. నల్లా వచ్చే రోజు వేరుగా, రాని రోజు వేరుగా చెప్పాను. పిండి రుబ్బడం, మంచంలో ఉన్న మా అమ్మకి పక్కబట్టలు మార్చడం, అమ్మాయి జడ, నా అన్నం డబ్బా, నాకు దొరకని నా కళ్లజోడు. జడ్జి గారు ఒక్కోటీ ఇంగ్లీషులో చెబుతుంటే స్టెనో టైపు చేస్తోంది. అది పూర్తయ్యేదాకా ఆగి, తర్వాతది అందుకున్నాను.

"చాలు, చాలు," అన్నాడు వకీలు.

"అడిగింది మీరే కదండీ. చెప్పనివ్వండి," అన్నారు జడ్జి గారు.

అతను గడియారం చూశాడు. సెల్ చూశాడు. మధ్యాహ్నం ఇంకో కోర్టులో కేసుందని గొణిగాడు. నేను తొందరపడలేదు. అంట్లు కూడా విడివిడిగా తోమించాను. ఒకటిన్నరకు జడ్జి గారు, "ఇంకా ఉందా?" అని అడిగారు.

"ఉందండీ. ఇంకా పొద్దున పదకొండే అయింది. మా అమ్మకి స్నానం చేయించాలి."

భోజనాలయ్యాక రెండున్నరకు వకీల్నీ నన్నూ మళ్లీ రమ్మన్నారు.