జిన్నులో ఎవరూ పాడరు

పొద్దున్నే వీధి కొళాయికి నీళ్లు రాగానే ఉచ్చీరమ్మ మొదటి బిందె తనకు పట్టుకునేది కాదు. "లక్ష్మమ్మవ్వా, నీదే భారం" అని ఊరి దేవతకు మొక్కుకుంటూ దాన్ని పొరుగున అక్బర్‌బీ ఇంట్లో దించి, చూపులేని ఆ ముసలామె చేతిని బిందె మూతి మీద ఆనించేది, ఎక్కడుందో తెలియడానికి. ఆ తర్వాతే తన నీళ్లు, తన గంజి, పత్తిలోంచి గింజ తీసే ఆదోని జిన్నులో పని. తొమ్మిదేండ్లుగా ఇదే వరస. అక్బర్‌బీ కూతురు జొహరాబీ జిన్ను మిషను బెల్టులో పడి చనిపోయినప్పటినుంచి.

జిన్నులో జొహరాబీదీ, ఉచ్చీరమ్మదీ పక్కపక్క మిషన్లు. బెల్టుకు అడ్డంగా ఉండే ఇనుప జాలీని మరమ్మతుకని విప్పి, మళ్లీ బిగించలేదు. మూడు వారాలు అడిగారు. నాలుగో వారం జొహరాబీ ఓణీ కొంగు అందులో చిక్కింది. "ఆటలాడి పడింది" అని రాయించాడు మేనేజరు. చచ్చిన పిల్ల మీదే తప్పు!

ఎనభై ఐదులో హైదరాబాదు నుంచి సినిమావాళ్లు వచ్చారు. కూలీల జ్ఞాపకాల మీద డాక్యుమెంటరీ తీస్తారట. ఉచ్చీరమ్మ జాలీ సంగతితో సహా అంతా చెప్పింది. మాటలు రికార్డు చేసే లక్ష్మన్న ఎమ్మిగనూరు నేతగాళ్ల బిడ్డ. ఆమె కొంగుతో కళ్లొత్తుకుంటే టేపు ఆపి, తన టీ ఆమెకిచ్చాడు.

"నిదానంగా సెప్పమ్మా. ఊరంతా ఇంటాది."

తీయడం పూర్తయ్యాక ఒక ఆదివారం మధ్యాహ్నం జిన్ను గోదాములో కిటికీలకు గోతాలు కట్టి సినిమా వేశారు. ముందు కుర్చీలో మేనేజరు. ఉచ్చీరమ్మ అక్బర్‌బీని చెయ్యి పట్టుకొని తెచ్చి కూర్చోబెట్టింది.

తెర మీద ఆడవాళ్లు ముక్కుకూ నోటికీ గుడ్డ కట్టుకుని మిషన్లలో పత్తి వేస్తున్నారు. వెనక తీయగా వరి నాట్ల పాట. గోదాము ఘొల్లున నవ్వింది.

"పత్తి జిన్నులో నాట్లు యాడివమ్మే?" అంది తోటి కూలీ మద్దమ్మ. "నోరు తెరిస్తే గొంతునిండా దూదే గదా!"

నిజమే. జిన్నులో మాటలన్నీ చేతులతోనే. నీళ్లంటే నోటి దగ్గర బొటనవేలు, మేస్త్రీ వస్తున్నాడంటే మీసం దువ్వినట్టు వేలు.

ఇంతలో తెరనిండా ఉచ్చీరమ్మ ముఖం. పెదవులు కదులుతున్నాయి గానీ వినిపించింది పాటే. "కష్టాన్ని పాటగా మార్చుకున్న తల్లులు" అందొక గంభీరమైన గొంతు.

అక్బర్‌బీ ముందుకు వంగి వింటోంది. "వచ్చెనా బేటీ, నా జొహరా పేరు? నాకే ఇనపడల్యా?"

ఉచ్చీరమ్మకు ఒళ్లు మండిపోయింది. బొమ్మ అయిపోయి మేనేజరు చప్పట్లు కొడుతుండగానే లేచి డైరెక్టరును నిలదీసింది.

"సచ్చిన పిల్ల గురించి నేను సెప్తే, నా నోట్లో పాట కుక్కినారేమప్పా!"

"లోపల తీయనిచ్చింది జిన్నువాళ్లేనమ్మా. ఆ జాలీ ముక్క తీసేస్తేనే సినిమాకు ఒప్పుకున్నారు," అన్నాడు డైరెక్టరు. "నిన్నెంత అందంగా చూపించామో చూడు."

"నా అందం ఎవురికి గావాల! ఆ మేనేజరు తొమ్మిదేండ్ల కిందట అబద్దమాడె. నువ్వొచ్చి దానికి రాగం కట్టితివి!"

ఆమె లక్ష్మన్న వైపు తిరిగింది. "నా మాట యాడుంది నాయనా? కాల్చేసినారా?"

"లేదమ్మా. నీకే ఇద్దామని తెచ్చినా. ఆ టేపు ఈ సంచిలోనే ఉండాది."

మేనేజరు కుర్చీలోంచి లేవబోయాడు.

"అట్లయితే ఒగ మేలు సెయ్యప్పా," అంది ఉచ్చీరమ్మ. "నీ టేపు మిషనూ ఈడే ఉండాది. ఆయప్ప వాకిలి దాటకముందే, వీళ్లందరూ ఉండంగానే, దాన్ని గట్టిగా ఒక్కసారి ఇనిపించు."