పెట్టెలో దాచిన వజ్రాల కవచం

మొన్న కొన్న హెల్మెట్‌ను అమ్మ కవర్ కూడా తీయకుండా బీరువా మీద పెట్టింది. "కొత్తది గద బిడ్డా, ఖరాబైతది. దూరం పోయేటప్పుడు పెట్టుకో" అంది.

ఆ కొత్త ప్లాస్టిక్ వాసనకు ఉప్పుగూడలో మా పాత ఇల్లు గుర్తొచ్చింది. రిమోట్‌కు ప్లాస్టిక్ తొడుగు, కంప్యూటర్‌కు అమ్మ కుట్టిన పూలగుడ్డ. మీ ఇంట్లోనూ ఉండే ఉంటాయి. ఆ గుడ్డ మడిచిపెట్టి అక్కా నేనూ కంప్యూటర్‌లో వంతులేసుకుని ఆడేవాళ్లం. అంతా గడులు గడులుగా ఉండే ఆట, గుర్తుందా? ఎండాకాలం సెలవులన్నీ ఆ ఆటలో గనులు తవ్వి, దొరికిన వజ్రాలతో కవచం చేశాను. అరిగిపోతుందని దాన్ని పెట్టెలో దాచి, తోలు చొక్కాతోనే గుహలోకి దిగాను. చీకట్లోంచి అస్థిపంజరం బాణాలేసింది. అక్కడే చచ్చాను.

కూలర్ హోరులో అక్క అంది: "పెట్టెల ఉంటే అది ఎవర్ని కాపాడ్తదే? తొడుక్కో. పగిలితే మళ్ల తవ్వుదాం."

తొడుక్కున్నాను. కొన్నాళ్లకు పగిలింది. మళ్లీ తవ్వాం.

ఇవాళ పాల కోసం సందు చివరికి బండి తీస్తూ హెల్మెట్ కవర్ చింపేశాను.

"గింత దూరానికా?" అంది అమ్మ.

"గింత దూరానికే" అని తలకు పెట్టుకున్నాను.