తవుడిచ్చి కొన్న అత్తయ్యగారు

పోయిన నెలలో ఒక పొద్దున్న, రాజోలులో షాపు షట్టరు తీస్తుంటే అమ్మ ఫోన్ చేసింది. "అత్తయ్యగారు వెళ్ళిపోయేరు," అంది. నేను నోరు తెరిచేలోపే రెండో మాట కూడా అనేసింది. "నువ్వొచ్చి దూరంగా కూచో. తలకొరివి మాత్రం పెట్టకు. నామీద ఒట్టే."

అత్తయ్యగారంటే మామిడికుదురులో మా పక్కింటావిడ. రక్తసంబంధం ఏమీ లేదు. మరి అమ్మకి అంత భయం ఎందుకంటే, నా పేరు సంగతి చెప్పాలి.

నా పేరు తవిటయ్య. నవ్వుకుంటే నవ్వుకోండి, నాకు అలవాటే. నాకు ముందు పుట్టిన అన్నలిద్దరూ పురిట్లోనే పోయారట. నేను పుట్టగానే అత్తయ్యగారు చేటెడు తవుడు తెచ్చి మా అమ్మ మంచం మీద పెట్టి, నన్నెత్తుకుని, అందరూ వినేలా అన్నారట: "ఈ బిడ్డని నేను కొనుక్కున్నాను. ఇకనుంచి నా కొడుకు. నువ్వు పాలిచ్చి పెంచు వదినా, చాలు." తవుడిచ్చి కొన్నవాడు తవిటయ్య. వీడు ఆ తల్లి బిడ్డ కాదు, పెద్ద విలువైనవాడూ కాదు అనుకుని మృత్యువు వదిలేసి పోతుందని నమ్మకం.

"మన చుట్టుపక్కల పెంటయ్యలూ పుల్లమ్మలూ ఎవరనుకున్నావురా?" అనేవారు అత్తయ్యగారు. "పెంటకుప్ప మీద పడుకోబెట్టినవాడు పెంటయ్య. పుల్లాకుల్లో, అంటే ఎంగిలి విస్తళ్ళలో దొర్లించిన పిల్ల పుల్లమ్మ. అందరూ పోయినోళ్ళ వెనకాల వచ్చినోళ్ళే. ఆ పేర్లు వింటే నవ్వకూడదు, ఆ తల్లుల్ని తలుచుకోవాలి."

నేను కొత్త చొక్కా వేసుకుంటే చాలు, గోడ మీంచి కేక వినిపించేది. "నా కొడుక్కి చొక్కా కొనేటప్పుడు నన్నడగక్కర్లేదేంటి వదినా?" అమ్మ కూడా తక్కువ తినలేదు. "మీ అబ్బాయి మాట వినట్లేదండీ, మీరే వచ్చి చెప్పండి" అనేది. చూసేవాళ్ళకి అది పరాచికం. కానీ అమ్మ ఒక్కసారి కూడా, పొరపాటున కూడా, నన్ను "నా కొడుకు" అనలేదు. నాకు జ్వరమొస్తే కంటిమీద కునుకు లేకుండా కూచునేది. అడిగినవాళ్ళతో మాత్రం "పక్కింటి వదినగారి అబ్బాయికి ఒంట్లో బాలేదండీ" అని చెప్పేది. చిన్నప్పుడు నాకు ఉక్రోషం వచ్చేది.

పదో తరగతి పరీక్షలకి పేర్లు పంపేటప్పుడు హెడ్మాస్టరుగారు జాలిపడి, "తేజ అని మార్చేద్దామాండీ?" అని నాన్నని అడిగారు. సంగతి తెలిసి అత్తయ్యగారు బడికే వచ్చేశారు.

"కొనుక్కున్నది నేనండీ. నన్నడక్కుండా ఎలా మారుస్తారండీ?"

"ఆయ్, తప్పేనండీ" అని ఆయన దణ్ణం పెట్టేశారు.

ఇంటికొస్తూ దారిలో అత్తయ్యగారు నాకు నచ్చజెప్పారు. "ఇంటిపేరు మీ నాన్నది, అది కాయితాలకి. పేరు నాది, అది నీ ప్రాణానికి. మెరిసే పేరు పెట్టుకుంటే దిష్టి వెతుక్కుంటూ వస్తుందిరా."

ఆ బేరం వల్ల బతికానో, అమ్మ కాపలా వల్ల బతికానో నాకు తెలీదు. నన్ను కని ఒకావిడ, కనకుండా ఒకావిడ, ఇద్దరూ కలిసి బతికించుకున్నారని మాత్రం తెలుసు.

నేను వెళ్ళేసరికి అత్తయ్యగారిని వాకిట్లో పడుకోబెట్టారు. మావయ్యగారు ఎప్పుడో పోయారు. ఒక్కతే కూతురు, కొత్తపేటలో ఉంటుంది. వరసకి నాకు మరదలవ్వాలి గానీ మమ్మల్ని అన్నాచెల్లెళ్ళలాగే పెంచారు. నన్ను చూడగానే బావురుమంది. "నాకు కొడుకున్నాడు, కొరివికి ఎవర్నీ వెతుక్కోనక్కర్లేదు అని అమ్మ అనేది అన్నయ్యా. నువ్వే పెట్టాలి."

అమ్మ నన్ను దొడ్లోకి లాక్కుపోయింది. "కొరివి పెడితే ఋణం తీరిపోయినట్టేరా. ఆవిడ ఋణం తీరితే నువ్వు మళ్ళీ నావాడివైపోతావు. నావాళ్ళు నాకు దక్కరు."

నాకు నలభై దాటాయి. షుగరుంది, పెళ్ళీడుకొస్తున్న కూతురుంది. ఏం చెప్పినా అమ్మ చెవికెక్కడం లేదు. ఆవిడకి నేనింకా ఆ పురిటిమంచం మీదే ఉన్నాను. నాకూ భయమేసింది, అబద్ధమెందుకు. చావంటే కాదు. అమ్మని అలా ఏడిపించి ముందుకెళ్ళాలంటే.

ఇంతలో వాకిట్లోంచి పురోహితులవారు పిలిచారు. "కర్త ఎవరండీ?" చెల్లెలు నన్ను చూపించింది. ఆయన ఇంటిపేరు అడిగారు, చెప్పాను.

"ఇంటిపేరు వేరుగా ఉందేంటండీ? మీరు ఆవిడకి ఏమవుతారండీ?"

కొడుకునంటే అమ్మ ఒట్టు. కాదంటే, మరి ఎవరి కొడుకువని అడుగుతారు. ఇన్నేళ్ళూ అమ్మ దాచుకున్న మాట ఆ శవం ముందు నా నోటితోనే చెప్పాలి. ఆ సంగతి నాకంటే ముందు అమ్మకే తట్టింది.

"ఆవిడ కొడుకేనండీ," అంది నా వెనకనుంచి. "నేను పెంచేనంతేనండీ."

వైనతేయ గోదావరి ఒడ్డున కొరివి పెట్టాను. స్నానం చేసి తిరిగొచ్చి తడిబట్టలతో అత్తయ్యగారి అరుగు మీద కూచున్నాను. పరామర్శకి ఒక్కొక్కరే వస్తున్నారు. వాళ్ళలో మా అమ్మా వచ్చింది. నా దగ్గరకి రాలేదు. అందరిలాగే మెట్ల కిందే నిలబడి, చెంగు నోటికి అడ్డం పెట్టుకుంది.

"అమ్మగారు పోయేరటకదండీ," అంది నాతో. "ధైర్యంగా ఉండండి."