పన్నెండు గంటల ఏడుపు

నిగనిగక్క నవ్విందంటే, ఇంకో గంటకి ఎవరో హాస్యమాడబోతున్నారని కుర్చీల కార్ఖానాలో అందరికీ తెలుసు. ఆవిడ పొట్ట పట్టుకుని పడీపడీ నవ్వి, కళ్ళు తుడుచుకుని, మళ్ళీ పనిలో పడిపోయేది. తీరా ఆ హాస్యం చెప్పే మనిషి వచ్చి చెప్పేసరికి మొహం గోడలా పెట్టుకుని నిలబడేది. పాపం, అతను బిక్కమొహం వేసేవాడు. దీన్నే ముందువాతం అంటారు. కాలం తోసేవాళ్ళకి తప్ప ఇంకెవరికీ రాని జబ్బు.

ఆవిడ పని అదే. వార్నిష్ పూసిన కుర్చీ ఆరాలంటే రెండు రోజులు పడుతుంది. అంత తీరిక ఎవరికుంది? నిగనిగక్క అరచేతులు రెండూ కుర్చీ మీదుగా చాపి, ఊపిరి బిగబట్టి, కాలాన్ని ముందుకి ఒక్క తోపు తోసేది. మీరు టీ తాగి వచ్చేలోగా ఆ రెండు రోజులూ గడిచిపోయి కుర్చీ నిగనిగలాడిపోయేది. ఇరవయ్యేళ్ళపాటు అలా తోస్తే ఒంట్లో కాలం కుదురుగా ఉంటుందా మరి! దోమ కుట్టకముందే దురద, మిరపకాయ కొరకకముందే కారం, తుమ్ము ముందు, జలుబు తర్వాత. మనసులోని భయానికి, సంతోషానికి మాత్రం ఈ వాతం లేదు. అవి వేళకే వస్తాయి. ఎంత ముందన్నదానికి ఒక లెక్కుంది. నిన్న ఎన్ని కుర్చీలు తోస్తే ఇవాళ అన్ని పావుగంటలు ముందు.

ఆవిడ అత్తగారు కూడా అదే కార్ఖానాలో నలభై ఏళ్ళు తోసి మానేసిన మనిషి. అలాంటి చెయ్యి మళ్ళీ పుట్టలేదని మేస్త్రీ ఇప్పటికీ అంటాడు. కోడలు తోసిన కుర్చీ కనిపిస్తే చాలు, వార్నిష్ మీద బొటనవేలితో అటూ ఇటూ నిమిరి, "బుడగ" అనేసి వెళ్ళిపోయేది. ఇరవయ్యేళ్ళుగా అదొక్కటే మాట. నిగనిగక్క పైకి పట్టించుకోనట్టు పని చేసుకునేది కానీ, లోపల చురుక్కుమనేది.

ఆ రోజు సంగతి చెప్పాలి. ముందురోజు కొత్త సభాభవనానికని ఏకబిగిన పదహారు కుర్చీలు తోసింది. తెల్లారి ఎనిమిదింటికి బ్రష్షు పట్టుకుందో లేదో, భోరుమంది. ఆగదే! అరగంట ఏడ్చింది. మధ్యలో రెండుసార్లు కిసుక్కున నవ్వింది కూడా కానీ, ఆ గోలలో ఎవరూ పట్టించుకోలేదు.

మేస్త్రీ గడియారం చూసి వేళ్ళు ముడిచాడు. "పదహారు పావుగంటలంటే నాలుగ్గంటలు. పన్నెండింటికి ఏదో ఉందమ్మా! ఇంత ఏడుపంటే మామూలు సంగతి కాదు. మీ ఆయనెక్కడ?"

"బోర్డు రాస్తున్నారు," అంది ఆవిడ. "మూడో అంతస్తు... నిచ్చెన మీద."

ఆ మాట తన నోటినుంచి రాగానే ఆవిడ పై ప్రాణాలు పైనే పోయాయి. వార్నిష్ చేతులతోనే వీధినపడి పరుగెత్తింది.

"ఏమండీ! దిగండి!"

"ఇంకొక్క అక్షరమే ఉందే!"

"ప్రాణముంటే రేపు రాసుకోవచ్చు. ముందు దిగండి!"

ఆయన్ని తీసుకొచ్చి కార్ఖానా పెరట్లో, గోడకీ చెట్టుకీ మేకుకీ దూరంగా, నిన్నటి కుర్చీ ఒకటి వేసి కూర్చోబెట్టారు. జేబులో పెన్ను లాగేసుకున్నారు. పొలమారుతుందేమోనని మంచినీళ్ళు చెంచాతో పట్టారు. ఆయన, "నాకేం కాలేదర్రా," అంటే, "ఇంకా కాలేదు," అని మేస్త్రీ సర్దిచెప్పాడు.

పన్నెండుకి పది నిమిషాలుందనగా అత్తగారు సంగతి తెలిసి రొప్పుతూ వచ్చింది. కొడుకు వెనక నిలబడి, కుర్చీ వీపు రెండు చేతులా పట్టుకుంది. అలవాటైన వేలు కదా, ఆ కంగారులోనే బొటనవేలు చెక్క మీద నడవడం మొదలుపెట్టింది. కుర్చీ వీపు నిమిరింది, కుర్చీ చేతులు నిమిరింది. వంగి కోళ్ళు కూడా నిమిరింది. లోపల గడియారం పన్నెండు కొట్టింది.

"ఈ కుర్చీ ఎవరు తోశారు?" అంది అత్తగారు.

"నేనే అత్తయ్యా."

"బుడగ లేదు." మళ్ళీ నిమిరింది. "ఒక్కటీ లేదే! ఇంత సాపుగా నేనెన్నడూ తొయ్యలేదు. నాకన్నా నీది మంచి చెయ్యే, అమ్మాయ్."

నిగనిగక్కకి సంతోషం వేళకే వచ్చింది. కళ్ళు మాత్రం పొడిగా, అలా తెరుచుకుని ఉన్నాయి.

అత్తగారికి ఒళ్ళు మండింది. "ఇరవయ్యేళ్ళకి ఇంత మాటంటే, ఒక్క కన్నీటిచుక్కయినా రాల్చవేమే?"

"పొద్దున్నే ఏడ్చేశానత్తయ్యా," అంది కోడలు. "ఎనిమిదింటికి. అరగంట."

మేస్త్రీ మళ్ళీ వేళ్ళు ముడిచాడు. లెక్క సరిపోయింది. పెరడంతా ఒక్కసారిగా గొల్లుమంది. మేస్త్రీ అయితే నేలమీద కూలబడి నవ్వాడు. నిగనిగక్క వాళ్ళాయన కుర్చీలోంచి సగం లేచి, "అయితే నేను వెళ్ళి ఆ అక్షరం రాసుకోనా?" అనేసరికి నవ్వు మళ్ళీ ఎగిసింది. నిగనిగక్క ఒక్కతే నవ్వలేదు. ఆ రెండు నవ్వులూ పొద్దుటే అయిపోయాయి.

అత్తగారు కొడుకుని కుర్చీలోంచి లేపేసి తను కూర్చుంది. కోడలి వార్నిష్ చేతులు రెండూ తన ఒళ్ళోకి లాక్కుంది.

"సరేలే. నీ వంతు అయిపోయిందిగా," అంది. "ఇప్పుడు నన్ను ఏడవనీ."

అని, వేళకి, భోరుమంది.